కంటైనర్‌లోంచి అడిగితే 169.254.169.254 ఎందుకు పలకడం లేదు?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇదీ. ఏడబ్ల్యూఎస్ హైదరాబాద్ రీజియన్‌లో, అంటే ఏపీ-సౌత్-2లో, ఒక ఈసీ2 మెషీన్ (అద్దెకు తీసుకునే వర్చువల్ కంప్యూటర్) పెట్టారు. ఎస్3 (ఫైళ్లు దాచే సర్వీస్) చదివే ఐఏఎమ్ రోల్, అంటే పర్మిషన్లు ఇచ్చే గుర్తింపు, దానికి తగిలించారు. మెషీన్‌లోకి నేరుగా లాగిన్ అయి 169.254.169.254ని అడిగితే మెటాడేటా (ఆ మెషీన్ వివరాలు, దాని రోల్ తాత్కాలిక క్రెడెన్షియల్స్) చక్కగా వస్తోంది. అదే అప్లికేషన్‌ని డాకర్ కంటైనర్‌లో పెట్టేసరికి క్రెడెన్షియల్స్ దొరకలేదని ఎర్రర్. సెక్యూరిటీ గ్రూప్‌లో 169.254.169.254కి 80 పోర్టు తెరిచినా లాభం లేకపోయింది. టీమ్‌లో ఒకరు "ఎందుకీ టెన్షన్, యాక్సెస్ కీ తీసి ఎన్వ్ ఫైల్‌లో పెట్టేద్దాం" అన్నారు. అలా చేయొచ్చా, అసలు ఆ అడ్రస్ వెనక ఉన్న సర్వర్ ఎక్కడ ఉంటుంది అని అడిగారు.

దయచేసి కీ ఫైల్‌లో పెట్టకండి. రోల్ ద్వారా వచ్చే క్రెడెన్షియల్స్ కొన్ని గంటల్లో వాటంతటవే చెల్లకుండా పోతాయి. మీరు చేత్తో తీసిన యాక్సెస్ కీ మీరు రద్దు చేసేదాకా బతికే ఉంటుంది, పొరపాటున గిట్‌లోకి వెళ్లినా సరే. పైగా ఎస్‌డీకేలు (మీ కోడ్ ఏడబ్ల్యూఎస్‌తో మాట్లాడేందుకు వాడే లైబ్రరీలు) ఎన్విరాన్‌మెంట్ వేరియబుల్స్‌ని ముందు చూస్తాయి, మెటాడేటాని అన్నిటికంటే చివర చూస్తాయి. ఒకసారి అక్కడ కీ పెట్టారంటే మీరు తగిలించిన రోల్‌ని ఇక ఎవరూ పట్టించుకోరు. ఆరు నెలల తర్వాత ఇంకెవరో ఆ రోల్‌లో పర్మిషన్ మార్చి, ఏమీ మారడం లేదేమిటని తల పట్టుకుంటారు.

మీ సమస్య ఒక్క సెట్టింగ్‌తో తీరేదే. ఆ సెట్టింగ్‌ని అక్కడ ఎందుకు పెట్టారో తెలియకుండా మారిస్తే మాత్రం తెరవకూడని తలుపు తెరిచినట్టవుతుంది. అందుకే మొదటి నుంచీ చెబుతాను.

169.254తో మొదలయ్యే అడ్రస్‌లు లింక్-లోకల్ వరుసలోవి. డీహెచ్‌సీపీ అందని విండోస్ కంప్యూటర్ తనకు తానే ఇలాంటి అడ్రస్ పెట్టుకోవడం మీరు చూసే ఉంటారు. ఈ అడ్రస్‌లకు వెళ్లే ప్యాకెట్‌ని ఏ రూటరూ ముందుకు పంపకూడదని 2005లో వచ్చిన ఆర్‌ఎఫ్‌సీ 3927 అనే ఇంటర్నెట్ ప్రమాణం చెబుతుంది. అంటే ఈ వరుసలో ఉన్న ఏ అడ్రస్ అయినా మీ పక్కనే, అదే తీగ మీద ఉన్నట్టు లెక్క. మీ వీపీసీకి (క్లౌడ్‌లో మీ సొంత ప్రైవేట్ నెట్‌వర్క్) మీరు ఏ అడ్రస్‌లు పెట్టుకున్నా దీనితో గొడవ రాదు, ఇంటర్నెట్ నుంచి దీన్ని ఎవరూ చేరలేరు.

ఆ అడ్రస్ వెనక మీరు లాగిన్ అవగలిగే సర్వర్ ఏదీ లేదు. మీ మెషీన్‌కీ వీపీసీ నెట్‌వర్క్‌కీ మధ్యలో క్లౌడ్ వాళ్ల పొర ఒకటి ఉంటుంది. మెషీన్‌లోంచి వచ్చిన ప్యాకెట్‌ని అక్కడే పట్టుకుని జవాబిస్తారు. మన అపార్ట్‌మెంట్లలో వాచ్‌మన్ గదికి వెళ్లే ఇంటర్‌కామ్ లాంటిదిది. ఏ ఫ్లాట్ నుంచి చేసినా నొక్కే అంకె ఒకటే. వాచ్‌మన్ మీరెవరని అడగడు, ఏ లైన్ మోగిందో బోర్డు మీద చూసుకుంటాడు. 302 లైన్ వెలిగితే 302 వాళ్ల పార్సెల్ పైకి పంపిస్తాడు. అలాగే ఈసీ2 మెషీన్లన్నీ అదే 169.254.169.254ని అడుగుతాయి, దేని జవాబు దానికి వస్తుంది. మీరు పాస్‌వర్డ్ పంపరు, మెషీన్ పేరు చెప్పరు. ప్యాకెట్ ఏ వర్చువల్ నెట్‌వర్క్ కార్డు మీదుగా వచ్చిందన్నదే మీ గుర్తింపు. మీ ప్రశ్నకు జవాబంతా ఈ ఒక్క సంగతిలోనే ఉంది.

ఏడబ్ల్యూఎస్ లోపలి కోడ్ మనకు కనబడదు గానీ, ఓపెన్‌స్టాక్ అనే ఓపెన్ సోర్స్ క్లౌడ్ సాఫ్ట్‌వేర్‌లో ఇదే పని కళ్లారా చూడొచ్చు. వర్చువల్ రూటర్ ఉండే నెట్‌వర్క్ నేమ్‌స్పేస్‌లోకి వెళ్లి ఐపీటేబుల్స్ (లైనక్స్ ఫైర్‌వాల్ రూల్స్) చూస్తే, 169.254.169.254 అడ్రస్ 80 పోర్టుకి వచ్చే ప్యాకెట్లని 9697 పోర్టుకి మళ్లించే రూల్ ఒకటి కనిపిస్తుంది. అక్కడ ఉన్న ప్రాక్సీ, అడిగిన మెషీన్ ఐపీని, ఆ రూటర్ ఐడీని హెడర్లలో చేర్చి మెటాడేటా ఏజెంట్‌కి అందిస్తుంది. ఈ నెట్‌వర్క్‌లో ఈ ఐపీ ఏ మెషీన్‌దో ఏజెంట్ న్యూట్రాన్‌ని (ఓపెన్‌స్టాక్‌లో నెట్‌వర్క్ చూసే భాగం) అడిగి తెలుసుకుంటుంది. ఆ మెషీన్ ఐడీ మీద రహస్య కీతో హెచ్‌మ్యాక్ సంతకం పెట్టి నోవాకి (మెషీన్లని నడిపే భాగం) పంపుతుంది. నోవా ఆ సంతకాన్ని సరిచూసుకున్నాకే జవాబిస్తుంది. ఇంత జరిగినా మెషీన్ లోపల ఉన్న మనకు మామూలు హెచ్‌టీటీపీ జవాబు ఒకటి వచ్చినట్టే ఉంటుంది. ఎక్కడైనా ఓపెన్‌స్టాక్ ల్యాబ్ దొరికితే ఆ నేమ్‌స్పేస్‌లోకి ఒక్కసారి తొంగి చూడండి. పది వ్యాసాలు చదివినా రాని స్పష్టత ఆ ఒక్క రూల్ చూస్తే వస్తుంది.

మీరు సెక్యూరిటీ గ్రూప్ మార్చినా ఫలితం లేకపోవడానికి కారణం కూడా ఇదే. సెక్యూరిటీ గ్రూపులు, నెట్‌వర్క్ ఏసీఎల్‌లు ఈ ట్రాఫిక్‌ని తాకవు. వీపీసీ ఫ్లో లాగ్స్‌లోనూ ఇది నమోదు కాదు. అక్కడ వెతికి టైమ్ పోగొట్టుకోకండి, ఆ రూల్ తీసేయండి.

ఈ గుర్తింపు సంగతి నాకు బుర్రకెక్కింది ఒక ప్రాక్సీ వల్ల. చాలా ఏళ్ల కిందట నేను పనిచేసిన చోట సర్వర్లన్నీ ప్రైవేట్ సబ్‌నెట్‌లో ఉండేవి. బయటికి వెళ్లాలంటే ఇంకో ఈసీ2 మీద నడిచే స్క్విడ్ ప్రాక్సీ ఒక్కటే దారి. ఒకరోజు పొద్దున్నే చూస్తే, మానిటరింగ్ స్క్రీన్ మీద పన్నెండు సర్వర్లు ఉండాల్సిన చోట ఒక్కటే ఉంది. ఆ ఒక్కదాని సీపీయూ గ్రాఫ్ రంపం పళ్లలా పైకీ కిందికీ కొట్టుకుంటోంది. ఏజెంట్లు పడిపోయాయేమో అనుకుని రెండు గంటలు రీస్టార్ట్‌లతోనే గడిపాం. చివరికి ఒక సర్వర్‌లోకి వెళ్లి ఇన్‌స్టెన్స్ ఐడీ అడిగితే వచ్చిన ఐడీ ప్రాక్సీ మెషీన్‌ది. ముందురోజు ప్రాక్సీ వేరియబుల్ అన్ని సర్వర్లలో పెట్టాం, నో-ప్రాక్సీ జాబితాలో 169.254.169.254 చేర్చడం మరిచిపోయాం. మెటాడేటా రిక్వెస్టులన్నీ ప్రాక్సీ దగ్గరికి పోయాయి. ప్రాక్సీ తన మెషీన్‌లోంచి అడిగింది, తన ఐడీ తెచ్చి అందరికీ ఇచ్చింది. పక్క ఫ్లాట్ ఇంటర్‌కామ్ ఎత్తి మాట్లాడితే వాచ్‌మన్‌కి పక్క ఫ్లాటే కనబడుతుంది కదా. ఐడీతో పోయింది కాబట్టి గ్రాఫ్ చెడిపోవడంతో ఆగింది. క్రెడెన్షియల్స్ అడిగినా అలాగే ప్రాక్సీ రోల్‌వి వచ్చేవి. కాబట్టి మీ కంటైనర్‌లో ప్రాక్సీ వేరియబుల్ ఉందేమో ముందు అది చూడండి.

ఈ దారి తెలిసిన దొంగ ఏం చేస్తాడో 2019లో అమెరికాలో క్యాపిటల్ వన్ బ్యాంకు విషయంలో లోకమంతా చూసింది. సరిగ్గా అమర్చని ఒక వెబ్ అప్లికేషన్ ఫైర్‌వాల్ ఆసరాగా, బయటి నుంచి వచ్చిన రిక్వెస్టుతో ఆ మెషీన్ చేతే మెటాడేటాని అడిగించారు. అలా చేతికొచ్చిన రోల్ క్రెడెన్షియల్స్‌తో ఎస్3లోని ఫైళ్లు దించుకున్నారు. అమెరికాలో దాదాపు 10 కోట్ల మంది, కెనడాలో దాదాపు 60 లక్షల మంది వివరాలు బయటపడ్డాయి. మరుసటి ఏడాది ఆగస్టులో రెగ్యులేటర్ ఆ బ్యాంకు మీద 8 కోట్ల డాలర్ల జరిమానా వేసింది. ఇలా సర్వర్ చేత మనకు కావలసిన అడ్రస్‌ని అడిగించడాన్ని ఎస్‌ఎస్‌ఆర్‌ఎఫ్ అంటారు. మీ అప్లికేషన్‌లో "ఫోటో లింక్ ఇవ్వండి, మేమే తెచ్చుకుంటాం" అనే ఫీచర్ ఉండి, ఎవరైనా ఫోటో లింక్ బదులు 169.254.169.254 ఇచ్చారనుకోండి. అడిగేది మీ మెషీనే. పాత పద్ధతిలో, అంటే ఐఎండీఎస్ (ఈ మెటాడేటా సర్వీస్ పేరు) వీ1లో, ఒక మామూలు గెట్ రిక్వెస్ట్ చాలు. రోల్ పేరు, దాని కింద యాక్సెస్ కీ, సీక్రెట్ కీ, సెషన్ టోకెన్, అవి ఎప్పటిదాకా చెల్లుతాయో ఆ టైముతో సహా జేసన్‌లో వచ్చేస్తాయి.

2019 నవంబర్‌లో వచ్చిన ఐఎండీఎస్ వీ2 ఈ దారిని చాలావరకు మూసింది. ఇందులో ముందు టోకెన్ తీసుకోవాలి. టోకెన్ పాత్‌కి పుట్ రిక్వెస్ట్ పంపి, అది ఎన్ని సెకన్లు చెల్లాలో ఒక హెడర్‌లో చెప్పాలి. గరిష్ఠంగా 21,600 సెకన్లు, అంటే ఆరు గంటలు. ఆ టోకెన్‌ని తర్వాత పంపే ప్రతి గెట్ రిక్వెస్ట్‌లో ఇంకో హెడర్‌గా పెట్టాలి. ఒక మెషీన్‌లో తీసుకున్న టోకెన్ ఇంకో మెషీన్‌లో చెల్లదు. చూడ్డానికి ఒక మెట్టు పెరిగినట్టే ఉంటుంది గానీ, ఇందులో నాకు ఎంతో నచ్చే ఆలోచన ఉంది. ఎస్‌ఎస్‌ఆర్‌ఎఫ్‌తో దొంగ ఎక్కువగా చేయగలిగేది లింక్ మార్చడం. మెషీన్ చేత పుట్ పంపించడం, తనకు కావలసిన హెడర్లు చేర్పించడం చాలా సందర్భాల్లో అతని చేతిలో ఉండదు. ఎక్స్-ఫార్వర్డెడ్-ఫర్ హెడర్‌తో పుట్ వస్తే అసలు టోకెనే ఇవ్వరు. స్క్విడ్ లాంటి ప్రాక్సీలు ఆ హెడర్ చేరుస్తాయి కాబట్టి, పైన చెప్పిన మా ప్రాక్సీ గొడవ వీ2లో అయితే మొదటి నిమిషంలోనే ఎర్రర్‌గా బయటపడేది.

చివరి కాపలా హాప్ లిమిట్. మీరు చిక్కుకున్నది ఇక్కడే. టోకెన్ మోసుకొచ్చే జవాబు ప్యాకెట్‌లో టీటీఎల్, అంటే అది ఇంకా ఎన్ని మజిలీలు వెళ్లొచ్చన్న లెక్క, ఎంత ఉండాలో ఈ సెట్టింగ్ చెబుతుంది. అది 1 ఉంటే, ఆర్టీసీ బస్సులో ఒక్క స్టేజీకే టికెట్ కొట్టినట్టు. మెషీన్ దాకా వస్తుంది, అక్కడ దిగిపోవాలి. డాకర్ మామూలుగా కంటైనర్లని 172.17తో మొదలయ్యే బ్రిడ్జ్ నెట్‌వర్క్‌లో పెడుతుంది. ఆ బ్రిడ్జ్‌కీ బయటి కార్డుకీ మధ్య మీ మెషీన్ కెర్నలే రూటర్. అది ప్యాకెట్‌ని కంటైనర్ వైపు పంపబోయే ముందు టీటీఎల్ ఒకటి తగ్గిస్తుంది. ఒకట్లోంచి ఒకటి పోతే సున్నా, ప్యాకెట్ అక్కడే రాలిపోతుంది.

ఇది కంటితో చూడాలనుంటే హోస్ట్ మీద, బయటి కార్డు పైన టీసీపీడంప్‌ని (వచ్చేపోయే ప్యాకెట్లని చూపే టూల్) వివరాలు చూపే ఆప్షన్‌తో నడపండి. ఇంకో టెర్మినల్‌లో కంటైనర్‌లోంచి కర్ల్‌తో టోకెన్ కోసం పుట్ పంపండి. కర్ల్ "కనెక్టెడ్" అని చూపించి, ఆ తర్వాత ఊరుకుంటుంది. టీసీపీడంప్‌లో మాత్రం 169.254.169.254 నుంచి జవాబు రావడం, దాని పక్కన టీటీఎల్ 1 అని ఉండడం, అదే ప్యాకెట్ మళ్లీ మళ్లీ రావడం కనిపిస్తుంది. గుమ్మం దాకా వచ్చిన జవాబు లోపలికి అడుగుపెట్టలేకపోతోంది. ఈ సంగతి తెలియకపోతే ఎర్రర్ మెసేజ్ మనల్ని తప్పుదారి పట్టిస్తుంది. ఎందుకంటే పైథాన్‌లో ఏడబ్ల్యూఎస్ ఎస్‌డీకే అయిన బోటో3 డిఫాల్ట్‌గా ఒక్క సెకను ఆగి, ఒక్కసారే ప్రయత్నించి, "క్రెడెన్షియల్స్ దొరకలేదు" అనేస్తుంది. నెట్‌వర్క్ టైమౌట్ అన్న మాటే ఉండదు, దాంతో అందరూ రోల్ పాలసీలు తిరగేస్తూ కూర్చుంటారు. వీ1 కూడా తెరిచి ఉన్న మెషీన్లలో ఇంకో తమాషా జరుగుతుంది. ఎస్‌డీకే ముందు ఐఎండీఎస్ వీ2ని ప్రయత్నించి, టైమౌట్ అయ్యాక వీ1కి దిగుతుంది. పని జరుగుతుంది గానీ నెమ్మదిగా. అప్లికేషన్ మొదలవడానికి ఎందుకు ఆలస్యమవుతోందో ఎవరికీ అర్థం కాదు.

ఇక సరిచేయడం. ఈసీ2 కన్సోల్‌లో మెషీన్‌ని ఎంచుకుని, యాక్షన్స్ కింద ఇన్‌స్టెన్స్ సెట్టింగ్స్‌లో మెటాడేటా ఆప్షన్స్ మార్చే చోటు ఉంటుంది. హాప్ లిమిట్ 2 చేయండి, వీ2ని తప్పనిసరిగానే ఉంచండి. మెషీన్ ఆపి మళ్లీ పెట్టక్కర్లేదు. అమెజాన్ లైనక్స్ 2023 ఇమేజ్‌లు 2తోనే వస్తాయి కాబట్టి, మీది పాత ఇమేజ్ అయినా అయి ఉండాలి, మీ టెర్రాఫామ్ (సర్వర్ల అమరికని కోడ్‌గా రాసే టూల్) కోడ్‌లో ఎవరైనా 1 అని రాసైనా ఉండాలి. కోడ్‌లో ఉంటే అక్కడే మార్చండి, లేకపోతే మళ్లీ అప్లై చేసిన రోజు ఇదే కథ.

2 చేసే ముందు ఒక్క నిమిషం ఆలోచించండి. ఇకపై ఆ మెషీన్ మీద నడిచే ప్రతి కంటైనర్‌కీ ఇంటర్‌కామ్ అందుతుంది. మీ అప్లికేషన్‌తో పాటు, ఎవరో రాసిన ఇమేజ్‌ని పరీక్ష కోసం నడిపితే దానికి కూడా. వాచ్‌మన్‌కి కనబడేది ఫ్లాట్ నంబరే, ఫోన్ ఎత్తింది ఇంటివాళ్లా, వచ్చిపోయేవాళ్లా అన్నది కాదు. మెషీన్‌లో మీ కంటైనర్ ఒక్కటే ఉండి, రోల్‌కి ఒక బకెట్ చదివే పర్మిషన్ మాత్రమే ఉంటే 2 పెట్టడం సరైనదే, నేనైనా అదే చేస్తాను. వేర్వేరు టీమ్‌ల కంటైనర్లు ఒకే మెషీన్ మీద ఉంటే మాత్రం 1 వదిలేసి, కంటైనర్‌కి సొంత గుర్తింపు ఇచ్చే దారి పట్టండి. ఏడబ్ల్యూఎస్ కంటైనర్ సర్వీస్ ఈసీఎస్‌లో టాస్క్ రోల్ ఉంది, అది 169.254.170.2 అనే వేరే అడ్రస్ నుంచి వస్తుంది. ఈకేఎస్‌లో (ఏడబ్ల్యూఎస్ నడిపే కుబెర్నెటిస్) అయితే పాడ్ ఐడెంటిటీ, లేదా సర్వీస్ అకౌంట్‌కి రోల్ తగిలించే పద్ధతి. డాకర్ ఒక్కటే ఉన్న మెషీన్‌లో 2 పెట్టక తప్పకపోతే, డాకర్-యూజర్ అనే ఐపీటేబుల్స్ చైన్‌లో మీ కంటైనర్ నెట్‌వర్క్‌ని తప్ప మిగతావాటిని ఈ అడ్రస్‌కి పోనివ్వకుండా రూల్ రాయొచ్చు. కంటైనర్‌ని హోస్ట్ నెట్‌వర్క్ మోడ్‌లో నడిపితే అదనపు హాప్ ఉండదు, 1తోనే పనిచేస్తుంది. ఈ ఒక్కదాని కోసం ఆ మోడ్‌కి మారమని మాత్రం నేను చెప్పను, దానివల్ల కంటైనర్‌కీ హోస్ట్‌కీ మధ్య ఉన్న నెట్‌వర్క్ గోడ మొత్తం పోతుంది.

ఇంకా వీ1 వాడే పాత స్క్రిప్టులు మీ దగ్గర ఉన్నాయేమోనన్న అనుమానం ఉంటే, ఏడబ్ల్యూఎస్ మానిటరింగ్ సర్వీస్ క్లౌడ్‌వాచ్‌లో మెటాడేటా-నో-టోకెన్ అనే మెట్రిక్ చూడండి. టోకెన్ లేకుండా ఎన్నిసార్లు అడిగారో అది లెక్కపెడుతుంది. కొన్నాళ్లు వరుసగా సున్నా ఉంటే వీ1ని ధైర్యంగా మూసేయొచ్చు.

వేరే క్లౌడ్‌లలో పనిచేసేవాళ్లు కూడా ఇది చదువుతారు కాబట్టి రెండు మాటలు. గూగుల్ క్లౌడ్‌లోనూ అడ్రస్ ఇదే, మెటాడేటా.గూగుల్.ఇంటర్నల్ అనే పేరుతో కూడా పిలవొచ్చు. మెటాడేటా-ఫ్లేవర్ హెడర్‌లో గూగుల్ అని పంపకపోతే జవాబు రాదు. హెడర్ అడగని పాత వెర్షన్లని 2020లో మూసేశారు. ఏజ్యూర్‌లో మెటాడేటా అనే హెడర్‌లో ట్రూ అని పంపి, ఏపీఐ వెర్షన్ కూడా లింక్‌లో చెప్పాలి. అక్కడ 168.63.129.16 అని ఇంకో అడ్రస్ కూడా కనిపిస్తుంది, అది వేరే పనులకు. డీఎన్‌ఎస్, లోడ్ బ్యాలెన్సర్ హెల్త్ ప్రోబ్‌లు, వీఎం ఏజెంట్ దాని మీద ఆధారపడతాయి, ఫైర్‌వాల్‌లో దాన్ని ఆపితే వింత వింత సమస్యలు వస్తాయి. అలీబాబా క్లౌడ్‌లో అడ్రసే వేరు, 100.100.100.200.

రోజువారీ పనిలో తరచూ చూసే రెండు తప్పులు కూడా చెప్పేస్తాను. యూజర్ డేటా (మెషీన్ మొదలయ్యేటప్పుడు నడవడానికి మీరిచ్చే స్క్రిప్ట్) కూడా ఇదే సర్వీస్ నుంచి వస్తుంది, ఆ మెషీన్‌లోని ఏ ప్రాసెస్ అయినా దాన్ని చదవొచ్చు. అందులో డేటాబేస్ పాస్‌వర్డ్ రాయడం అంటే ఇంటి తాళంచెవి గుమ్మానికి వేలాడదీయడమే. సీక్రెట్స్ మేనేజర్‌లో పెట్టి, రోల్‌తో తెచ్చుకోండి. రెండోది, షెల్ స్క్రిప్ట్ రాసి క్రెడెన్షియల్స్‌ని ఫైల్‌లో దాచుకోవడం. పాతవి ముగియడానికి కనీసం ఐదు నిమిషాల ముందే కొత్తవి అందుబాటులోకి వస్తాయి, ఎస్‌డీకే ఆ లెక్క చూసుకుని తనే మార్చుకుంటుంది. మీ ఫైల్ మాత్రం పాతదే పట్టుకుని కూర్చుంటుంది, రాత్రి రెండింటికి జాబ్ ఫెయిలయ్యిందని ఫోన్ వస్తుంది. అలాగని ప్రతి రిక్వెస్టుకీ మెటాడేటాని అడిగే కోడ్ కూడా రాయకండి. లింక్-లోకల్ సర్వీసులన్నిటికీ కలిపి ఒక్కో నెట్‌వర్క్ కార్డుకి సెకనుకి 1,024 ప్యాకెట్లే పరిమితి. డీఎన్‌ఎస్ కూడా ఆ లెక్కలోకే వస్తుంది. అది దాటితే మెటాడేటాతో పాటు పేర్లు కూడా దొరకడం ఆగిపోతుంది.

ఇప్పుడు మీరు చేయాల్సింది: కంటైనర్‌లో ప్రాక్సీ వేరియబుల్ చూడండి, హాప్ లిమిట్ 2 చేయండి, కంటైనర్‌లోంచే టోకెన్ కోసం పుట్ పంపి చూడండి. గెట్‌కి 401 వస్తే టోకెన్ పంపలేదనో, అది చెల్లదనో అర్థం. 403 వస్తే ఆ మెషీన్‌లో మెటాడేటా సర్వీసే ఆపేసి ఉందేమో చూడండి. ఏమీ రాకుండా వేలాడితే ఇంకా హాప్ సమస్యే. డాకర్ మీద ఇంకో నెట్‌వర్క్ పొర ఏదైనా ఉందేమో వెతకండి. టోకెన్ వచ్చి, క్రెడెన్షియల్స్ కూడా వచ్చి, ఎస్3 మాత్రం యాక్సెస్ డినైడ్ అంటే అక్కడితో మెటాడేటా పని అయిపోయినట్టే. అప్పుడు కంటైనర్‌లోంచి ఎస్‌టీఎస్ గెట్-కాలర్-ఐడెంటిటీ నడిపి, అందులో కనబడే రోల్ పేరు మీరు తగిలించిందేనా అని చూసుకోండి. అదే అయితే ఆ రోల్ పాలసీ, బకెట్ పాలసీ రెండూ ఇక్కడ పెట్టండి, అకౌంట్ నంబర్ చెరిపేసి. చూసి చెబుతాను.